ఓబులేసు, ఓబుళేశు, ఓబిలేసు: మా నాయన పేరుకు అర్థమేమిటి, బాబుకు ఎలా రాయించాలి?

మీరు అడిగింది క్లుప్తంగా ఇది. మీది ఆళ్లగడ్డ వైపు పల్లె, ఇప్పుడు ఉండేది బెంగళూరులో. నెలన్నర కిందట బాబు పుట్టాడు. పోయినేడు కాలం చేసిన మీ నాయన పేరే వాడికి పెట్టాలని మీ కోరిక. నాయన సంతకం ‘ఓబుళేశు’, రేషన్ కార్డులో ‘ఓబులేసు’, పట్టాదారు పాసుపుస్తకంలో ‘ఓబిలేసు’. మీ అత్తగారి వైపు వాళ్లు ఆ పేరుకు అర్థమే లేదంటున్నారు. చివర ‘ఏసు’ ఉంది కదా, అసలు మన పేరేనా అని కూడా అడుగుతున్నారు. అర్థమేమిటి, ఏ రాత సరైనది, ఈ కాలంలో పెట్టవచ్చా అన్నది మీ ప్రశ్న.

ముందు జవాబు చెప్పేస్తాను. ఓబులేసు అంటే అహోబలేశుడు. అంటే అహోబిలం నరసింహస్వామి. పేరు నిక్షేపంగా పెట్టవచ్చు. ‘ల’ రాసినా ‘ళ’ రాసినా తప్పు కాదు. మీ నాయన ‘ళ’తో సంతకం చేసేవారు కాబట్టి నేనైతే బాబుకు కూడా ‘ఓబుళేశు’ అనే రాయిస్తాను. కానీ ఏదో ఒకటి ఇప్పుడే ఖాయం చేసుకొని, అన్ని కాగితాల్లో అదొక్కటే ఉండేలా చూసుకోండి. ఇది ఎంత ముఖ్యమో కింద చెబుతాను.

నేను కడప జిల్లా హైస్కూళ్లలో 31 ఏళ్లు తెలుగు పండిట్‌గా పనిచేశాను. పదో తరగతి నామినల్ రోల్స్‌లో పేర్లు సరిచూసే పని దాదాపు ప్రతి ఏడాదీ నా మీదే పడేది. జమ్మలమడుగు, మైలవరం, ప్రొద్దుటూరు వైపు ఏ తరగతిలో చూసినా ఒక ఓబులేసో, ఓబుల్ రెడ్డో, ఓబన్నో ఉండేవాడు. ఆ పేర్ల వెంట పడి పాత శాసనాల పాఠాలు, కైఫియత్తులు (ఊళ్ల చరిత్ర రాసిన పాత రికార్డులు) చదవడం అలా అలవాటైంది.

ఇక వివరంగా. అహోబిలాన్ని పాత కాలంలో ఎక్కువగా ‘అహోబలం’ అనే రాసేవారు. హిరణ్యకశిపుణ్ణి చీల్చిన నరసింహుణ్ణి చూసి దేవతలు ‘ఆహా, ఏమి బలం!’ అన్నారట. ఈ శ్లోకం మీ ఇంట్లో పెద్దవాళ్లకు వచ్చే ఉంటుంది:

అహో వీర్య మహో శౌర్య మహో బాహు పరాక్రమః
నారసింహం పరం దైవ మహోబల మహోబలమ్

స్వామి కొండ గుహలో వెలిశాడు కాబట్టి ‘అహో బిలం’ అన్నది రెండో మాట. బోర్డుల మీద, బస్సుల మీద ఇప్పుడు కనిపించేది ఈ రూపమే. మీ నాయన పేరు మాత్రం ‘బలం’ నుంచి వచ్చిందే. అహోబల, ఈశ కలిస్తే గుణసంధి జరిగి అహోబలేశ అవుతుంది. పాసుపుస్తకంలో ‘ఓబిలేసు’ రాసిన గుమాస్తా మనసులో ‘అహోబిలం’ మెదిలి ఉంటుంది. అది అర్థం లేని రాత కాదు, కానీ ఆ పేరు నడిచి వచ్చిన దారి అది కాదు.

మరి ‘అహోబలేశ’ ఓబులేసు ఎలా అయింది? ఇది నాకు చాలా ఇష్టమైన భాగం. తెలుగు నాలుక మాట మధ్యలోని ‘హ’ను ఎక్కువసేపు మోయదు. అహోబళ అనేది జారి ‘అవుబళ’, ‘ఔభళ’ అయింది. ఇది నా ఊహ కాదు. 16వ శతాబ్దంలో నంద్యాల ప్రాంతాన్ని ఏలిన పాలకుల్లో ఔభళరాజు అనే పేరు శాసనాల్లో కనిపిస్తుంది. ఆ ‘ఔ’ ఇంకా మెత్తబడి ‘ఓ’ అయి ఓబళరాజు, ఓబళయ్య, ఓబళేశ వచ్చాయి. ‘బ’ పెదవులతో పలికే అక్షరం కాబట్టి దాని పక్కన ఉన్న ‘అ’ కూడా పెదవుల వైపే జరిగి ‘బు’ అయిందని నేననుకుంటాను. అలా ఓబుళ. చివరి ‘శ’ పల్లె నోట్లో ‘స’ అయింది. వెంకటేశు ఎంకటేసు కాలేదా, ఇదీ అంతే. కాబట్టి చివర ఉన్నది ‘ఏసు’ కాదు, ‘ఈశుడు’. ఈశుడంటే ప్రభువు. సంధిలో ‘ఈ’ కాస్తా ‘ఏ’ అయింది. మీ అత్తగారికి ఇలా చెప్పండి: సురేశ్, రమేశ్, వెంకటేశ్‌లలో ఉన్న ‘ఏశ్’ ఎవరో, ఓబులేశులో ఉన్నదీ ఆయనే.

ఆ సందేహం మీ ఇంట్లోనే కాదు, బయట కూడా ఎదురవుతుంది. మా బడి పిల్లవాడొకడు హాస్టల్ సీటు కోసం దరఖాస్తు ఇస్తే, అక్కడి గుమాస్తా పేరు చూసి ‘క్రిస్టియనా?’ అని అడిగి వేరే కాగితం తెమ్మన్నాడు. వాడు ఏం చెప్పాలో తెలియక తిరిగొచ్చేశాడు. పేరుకు అర్థం తెలిసి ఉంటే అక్కడే చెప్పేవాడు కదా అని నాకు చాలా బాధ వేసింది. మీ బాబుకు మాటలు వచ్చిన నాటి నుంచే వాడి పేరు కథ చెప్పండి.

ఇదే మార్పు ఊళ్ల పేర్లలోనూ జరిగింది. అనంతపురం జిల్లా ఉరవకొండ దగ్గర పెన్నేటి ఒడ్డున పెన్న అహోబిలం ఉంది. అక్కడి జనం నోట అది ‘పెన్నోబిలం’. కదిరి ప్రాంతంలోని ఓబుళదేవరచెరువును అందరూ ఓడీ చెరువు అంటారు గానీ, ఆ ‘ఓబుళదేవర’ అహోబల దేవుడే. రైల్వే కోడూరు పక్కన ఓబులవారిపల్లె, అటు బళ్లారి సరిహద్దున ఓబుళాపురం. సరిహద్దు దాటి కర్ణాటకలోకి పోతే ఓబళేశ్, ఓబళప్ప, ఓబళాపుర. కన్నడ వాళ్లు ‘ళ’ను గట్టిగా నిలబెట్టుకున్నారు. చిత్రదుర్గం ఓబవ్వ పేరు కూడా ఈ తీగదేనని నా అభిప్రాయం.

ల, ళ సంగతి. పాత రాతల్లో ‘ఓబళ’ అని ‘ళ’తోనే ఎక్కువగా కనిపిస్తుంది. అంటే మీ నాయన రాసుకున్నదే పాత రూపం. ఆయన తప్పు రాయలేదు. బహుశా ఆయనకు అక్షరాలు నేర్పిన అయ్యవారు అలా దిద్దించి ఉంటారు. తర్వాతి కాలంలో పలకడం తేలికపడి, కార్డులు రాసేవాళ్లు కూడా ‘ల’కే అలవాటు పడ్డారు. ‘శు’ సంస్కృత రూపానికి దగ్గర, ‘సు’ మన నోటికి దగ్గర. నా దగ్గర చదివిన పిల్లలకు నేను ఏదీ దిద్దలేదు. ఇంట్లో ఎలా రాస్తారో అడిగి అలాగే రాశాను. కొందరు ఉపాధ్యాయులు ‘అహోబలేశ్వర్’ అని మార్చేవారు. వాళ్ల ఉద్దేశం మంచిదే, కానీ నేను ఒప్పుకోలేదు. ఓబులేసు చెడిపోయిన పేరు కాదు. సంస్కృతంలో పుట్టి, మన ఊళ్లలో తరతరాలు తిరిగి, మన నోటికి తగినట్టు అమరిన పేరు. దాన్ని వెనక్కు తీసుకుపోయి అహోబలేశ్వర్ చేస్తే దేవుడు ఉంటాడు గానీ మీ నాయన ఉండరు.

ఈ పేరు మన వైపు ఇంతగా ఎందుకు పాకిందని మీరు అడగలేదు గానీ, చెప్పకుండా ఉండలేను. గుడి పెద్దదైతే భక్తులు వస్తారు, పోతారు. అహోబిలం స్వామి అలా కాదు, తానే పల్లెలకు వస్తాడు. కనుమ నాడు మొదలయ్యే పార్వేటలో పల్లకీ ఎక్కి 40 రోజులకు పైగా 30కి పైగా ఊళ్లు తిరుగుతాడు. చెంచులక్ష్మిని పెళ్లాడిన అల్లుడు తన పెళ్లికి ఊరూరా పిలవడానికి వస్తున్నాడని చెప్పుకుంటారు. పల్లకీ దిగే అరుగును ‘తెలుపు’ అంటారు. మా అమ్మ పుట్టినూరు ఉయ్యాలవాడ వైపు. చిన్నప్పుడు పార్వేటకు అక్కడికి పోయేవాళ్లం. రాత్రి దివిటీల వెలుగులో పల్లకీ వస్తుంటే మా జేజి నన్ను ఎత్తుకొని ‘ఓబులేసు వచ్చినాడు రా, దండం పెట్టు’ అనేది. ఆమె నోట ‘అహోబిల నరసింహస్వామి’ అన్న మాట నేనెన్నడూ వినలేదు. ఆమెకు ఆయన ఓబులేసే. ఏటా గడప ముందుకు వచ్చే దేవుడి పేరు ఇంట్లో పిల్లవాడికి పెట్టకుండా ఎలా ఉంటారు?

అందుకే ఇది ఒక కులం పేరు కాదు. రెడ్లలో ఓబుల్ రెడ్డి, ఓబిరెడ్డి ఉన్నారు. బోయల్లో, వడ్డెర్లలో, మాల మాదిగల్లో, శెట్టి ఇళ్లలో ఓబన్న, ఓబయ్య, ఓబులేసు ఉన్నారు. ఆడపిల్లలకు ఓబుళమ్మ, ఓబక్క. ఉయ్యాలవాడ నరసింహారెడ్డి 1846లో ఈస్టిండియా కంపెనీ మీద తిరగబడితే ఆయనకు కుడిభుజంగా నిలిచింది వడ్డె ఓబన్న. ఒకరి పేరు నరసింహ, ఇంకొకరి పేరు ఓబన్న. రెండూ ఒకే స్వామి పేర్లు. నరసింహారెడ్డిని 1847 ఫిబ్రవరి 22న కోవెలకుంట్లలో ఉరి తీశారు. ఈ సంగతి ఏ తరగతిలో చెప్పినా పిల్లలు కదలకుండా వినేవారు.

పండితుల్లోనూ ఈ పేరుంది. నన్నయ పేరు మీద ఉన్న వ్యాకరణానికి వ్యాఖ్య రాసిన ఆయన అహోబలపతి. ఆ వ్యాఖ్యను అహోబల పండితీయం అంటాం. సంగీత పారిజాతం అనే శాస్త్రగ్రంథం రాసిన ఆయన అహోబలుడు. ఇద్దరూ 17వ శతాబ్దం వాళ్లు. క్షేత్రం ఘనత చెప్పనక్కరలేదు. తిరుమంగై ఆళ్వారు పాడిన దివ్యదేశం (ఆళ్వార్లు కీర్తించిన విష్ణుక్షేత్రం), ఎర్రన నృసింహ పురాణంలో కథ చెప్పిన చోటు, మన తాళ్లపాక అన్నమయ్య ఆదివన్ శఠకోప యతి దగ్గర శాస్త్రం నేర్చిన చోటు. కళింగ దండయాత్ర రోజుల్లో, 1515లో, కృష్ణదేవరాయలు వచ్చి స్వామికి ఆభరణాలు సమర్పించి శాసనం వేయించాడు.

మీ అత్తగారి వైపు ఇంకో భయం కూడా ఉండవచ్చు. మీరు రాయలేదు గానీ నాకు చాలామంది చెప్పారు: నరసింహుడు ఉగ్రుడు, ఆ పేరు పెడితే పిల్లవాడికి కోపం ఎక్కువవుతుందని. అహోబిలంలో ఉన్నది ఒక్క ఉగ్ర రూపమే కాదు, తొమ్మిది రూపాలు. మాలోలుడు లక్ష్మీదేవితో శాంతంగా కూర్చున్నవాడు. దిగువ అహోబిలంలో మూలవిరాట్టు ప్రహ్లాద వరదుడు. ఈ దేవుడు స్తంభం చీల్చుకొని వచ్చింది ఒక చిన్నపిల్లవాడు పిలిచాడని. పసివాడికి పెట్టడానికి ఇంతకంటే మంచి పేరు నాకు తోచదు.

నక్షత్రం అడుగుతారేమో. ‘ఓ’ అక్షరం రోహిణి మొదటి పాదానిది. బాబుది వేరే నక్షత్రమైతే నామకరణం నాడు చెవిలో జన్మనామం చెప్పి, వాడుక పేరుగా తాత పేరు పెట్టుకోవచ్చు. మన వైపు చాలా ఇళ్లలో చేసేది అదే.

ఇప్పుడు కాగితాల సంగతి. దయచేసి దీన్ని శ్రద్ధగా చదవండి.

నా దగ్గర చదివిన ఒక ఓబులేసుకు పదో తరగతి మెమోలో ‘ఓబులేసు’, ఆధార్‌లో ‘ఒబులేష్’, కుల ధ్రువీకరణలో ‘ఓబులేశు’, బ్యాంకు పాసుబుక్కులో ‘వోబులేసు’ అని ఉండేది. చిన్నప్పుడు ఎవరూ పట్టించుకోలేదు. ఉద్యోగం వచ్చాక సర్టిఫికెట్ల వెరిఫికేషన్‌లో పట్టుకున్నారు. నలుగురూ ఒకడే అని రుజువు చేయడానికి అఫిడవిట్లు, గెజిట్, తిరుగుడు, ఏడాది పట్టింది. ఆ పిల్లవాడు పడిన టెన్షన్ దగ్గరుండి చూశాను. ఆ ఏడాదిలో వాళ్లమ్మ ఒకరోజు ‘ఈ పేరెందుకు పెట్టినామో సార్’ అంది. తప్పు పేరుది కాదమ్మా, రాసినవాళ్లది అని చెప్పాను. ఆ మాట మాత్రం ఇప్పటికీ నన్ను వదల్లేదు.

అందుకే మీకు చెప్పేది:

జనన ధ్రువీకరణ పత్రమే మూలం. పుట్టిన 21 రోజుల్లో జననం నమోదు కావాలి. ఆసుపత్రి వాళ్లు చేసే ఉంటారు, పేరు గడి ఖాళీగా ఉండి ఉంటుంది. నమోదైన నాటి నుంచి 12 నెలల లోపు పేరు చేర్పిస్తే ఫీజు ఉండదు. ఆ తర్వాత 15 ఏళ్ల వరకు ఆలస్య రుసుము కట్టి చేర్పించవచ్చు. అంతదాకా ఆగకండి, అలాగని తొందరపడి ఏదో ఒకటి రాయించేయకండి. 2023లో చట్టం మార్చారు. ఆ ఏడాది అక్టోబరు 1న గానీ ఆ తర్వాత గానీ పుట్టిన పిల్లలకు బడిలో చేర్చడానికి, పాస్‌పోర్టుకు, ఇంకా చాలా వాటికి పుట్టిన తేదీ రుజువు ఈ పత్రమే. ఇందులో ఉన్న అక్షరాలే మిగతా అన్నిట్లోకీ పాకుతాయి.

మీరు బెంగళూరులో ఉన్నారు కాబట్టి బాబు అక్కడే పుట్టి ఉంటే పత్రం కన్నడంలో, ఇంగ్లీషులో వస్తుంది. మీరు నోటితో చెప్పి ఊరుకుంటే అక్కడివాళ్లు తమకు తెలిసిన ‘ఓబళేశ్’ రాసేస్తారు. వాళ్ల లెక్కలో అది సరైనదే, మీ నాయన పేరు మాత్రం కాదు. కాగితం మీద కన్నడ అక్షరాలు కూడా రాసి ఇవ్వండి.

ఇంగ్లీషు అక్షరాలు ఓ, బి, యు, ఎల్, ఈ, ఎస్, యు అని ఏడు చాలు. ఇంగ్లీషులో ల, ళ తేడా ఉండదు కాబట్టి ఆ గొడవ అక్కడ తీరిపోతుంది. ‘శు’ వినిపించాలంటే ఎస్ తర్వాత హెచ్ చేర్చాలి. మీ నాయన ఆధార్‌లో, ఇంటి పత్రాల్లో ఇంగ్లీషులో ఎలా ఉందో ముందు చూడండి. హెచ్ ఉంటే ఉంచండి, లేకపోతే చేర్చకండి. మొదట రెండు ఓలు పెట్టడం, ముందు డబ్ల్యూ చేర్చడం, సంఖ్యాశాస్త్రం పేరుతో మధ్యలో ఇంకో అక్షరం దూర్చడం వద్దు. అలా చేసిన ప్రతి ఇంట్లోనూ తర్వాత దిద్దుబాట్లు చూశాను.

ఈ కాలంలో పెట్టవచ్చా అన్నదానికి నిజాయితీగా చెప్పాలి. బెంగళూరు బడిలో మొదటి ఏడాది పేరు రెండుసార్లు చెప్పాల్సి వస్తుంది. ఎవరో ఒకరు నవ్వుతారు కూడా. మా బడిలోనే ఎనిమిదో తరగతి పిల్లవాడు ఒకడు హాజరు పిలిస్తే పలికేవాడు కాదు. తోటివాళ్లు ‘ఓబూ’ అని సాగదీసి ఏడిపించేవారని తర్వాత తెలిసింది. ఆ రోజు పాఠం పక్కన పెట్టి బోర్డు మీద ‘అహోబలేశ’ రాసి, కింద ఔభళ, ఓబళ, ఓబుళేశు అని దించుకుంటూ వచ్చాను. పిల్లవాడు ఏమీ మాట్లాడలేదు, తలెత్తి బోర్డు చూస్తూ కూర్చున్నాడు. వెనక బెంచీ నుంచి ఇంకొకడు ‘నా పేరు సార్?’ అని లేచాడు. వాడు మద్దిలేటి. బేతంచెర్ల దగ్గర మద్దిలేరు పక్కన ఉన్న నరసింహస్వామి పేరు. ‘ఏరు’ విభక్తిలో ‘ఏటి’ అవుతుందని వ్యాకరణం చెప్పడానికి అంతకంటే మంచి ఉదాహరణ నాకు దొరకలేదు. తర్వాత పెంచలయ్య లేచాడు, పెంచలకోన స్వామి పేరు. కదిరి నుంచి వచ్చిన ఖాద్రి లేచాడు, అదీ నరసింహుడే. హిందూ ఇంటి పిల్లవాడు దస్తగిరి లేచాడు. వాళ్లమ్మ దర్గాకు మొక్కుకుంటే పుట్టాడట. పీరియడ్ గంట కొట్టినా ఎవరూ కదల్లేదు. మన సీమలో పేర్లు పుస్తకంలో చూసి పెట్టినవి కావు. ఏ కొండకు, ఏ ఏటికి, ఏ దర్గాకు మొక్కారో ఆ జ్ఞాపకంతో పెట్టినవి.

మీ భార్యకు ఇంకా మనసొప్పకపోతే బలవంతం చేయకండి. తల్లి ఇష్టంతో పిలవని పేరు బిడ్డకు అంటదు. మధ్యేమార్గాలు ఉన్నాయి. పేరుకు ముందు ఆమెకు నచ్చిన చిన్న పేరు చేర్చవచ్చు. ‘అహోబల’ అని పెట్టుకోవచ్చు, వినడానికి కొత్తగా ఉంటుంది, అర్థమూ అదే. నా మనసు మాత్రం ‘ఓబుళేశు’ వైపే ఉంది.

ఒక పని చేయండి. మీ నాయన పెట్టిన సంతకం ఏదైనా పాత కాగితం మీద బాగా కనిపించేది ఉంటే ఫోటో తీసి దాచండి. వచ్చే కనుమకు ఊరికి వస్తే బాబును పార్వేటకు తీసుకుపోండి. పల్లకీ మీ ఊరి తెలుపు మీద దిగే రోజు ఏదో ఊరి పెద్దలను అడిగితే చెబుతారు. మీ భార్యను, అత్తగారిని కూడా రమ్మనండి. పల్లకీ రాగానే అక్కడి ముసలమ్మలు స్వామిని ఏమని పిలుస్తారో వాళ్లే వింటారు.